టచింగ్ చెయ్యని ముఖం

యాభై ఆరులో, రాష్ట్రం ఏర్పడిన ఏడాది, అబిడ్స్‌లో ఒక మేడ మీది ఫోటో స్టూడియోలో చేరాను. ఆ మేడ మీద పదేళ్లు నేను చేసింది ఒకటే పని, మనుషుల ముఖాలను అబద్ధం చెయ్యడం. నెగెటివ్‌ను అద్దపు బల్ల మీద పెట్టి, సన్నని పెన్సిల్‌తో ముడతలూ మచ్చలూ పూడ్చేదాన్ని. ప్రింటులో అందరూ తెల్లగా, నున్నగా తేలేవాళ్లు. దాన్ని టచింగ్ అనేవారు. కెమెరా మగవాళ్ల పని, టచింగ్ ఆడవాళ్ల పని అని యజమాని సేటు గారు తేల్చేశారు. ఆయన్నెవరు అడిగారో!

ఒక ఆదివారం ఫుట్‌పాత్ పుస్తకాల్లో ఇంగ్లీషు సినిమా పత్రిక ఒకటి దొరికింది. అందులో ఒక ఇటలీ ఛాయాగ్రాహకుడి కథ ఉంది. ఆయనా మొదట స్టూడియోలో టచింగ్ చేసినవాడేనట. తర్వాత ఏళ్ల తరబడి ఇంకొకరి కెమెరా మోశాడు. ఆ పెద్ద కెమెరామన్ ఒకరోజు రాకపోతే కెమెరా చేతికొచ్చింది. తారల ముఖాల మీద లైట్లు గుప్పించమంటే వినక, కిటికీ వెలుగు చాలన్నాడు. రెండు కంపెనీలు తరిమేశాయి. మూడో కంపెనీలో పేరొచ్చింది. చదివాక నాకు సంతోషం కలగలేదు, ఒళ్లు మండింది. ఆయన చెయ్యగలిగింది నేనెందుకు చెయ్యకూడదు? పత్రికల్లో పడ్డ ఆయన సినిమాల బొమ్మలను నెలలపాటు చూశాను. కంటిపాపలో చిన్న తెల్ల చుక్క ఎటుందో చూస్తే వెలుతురు ఎటునుంచి పడిందో తెలిసిపోతుంది. నేనట్లా నేర్చుకున్నాను.

ఒకనాడు నాంపల్లి నుంచి ఒక పెద్దావిడ ఫోటోకి వచ్చింది. పరాయి మగవాడి ముందు కూర్చోనంది. గిరాకీ పోతుందని సేటు గారు గొణుక్కుంటూ నన్ను పిలిచారు.

"రెండు లైట్లు పెట్టిన. నువ్వు జర బటన్ నొక్కు, గంతే," అని బయటికి వెళ్లారు.

తలుపు వేసి రెండు లైట్లూ ఆర్పేసి, కిటికీ పరదా తీశాను.

"లైట్లెందుకు తీసినవ్ బిడ్డా?" అందావిడ.

"మీరు ఇంట్ల ఎట్ల కూసుంటరో గట్లనే కూసోండమ్మా."

వెలుగు ఆవిడ ఒక చెంప మీదే పడింది. అట్లాగే తీశాను.

ప్రింటు చూసి సేటు గారు మండిపడ్డారు. "సగం మొఖం ఏడవోయింది? ముడతలు లెక్కవెట్టొచ్చు! టచింగ్ చెయ్."

"చెయ్య."

"చెయ్యకుంటే రేపటిసంది రాకు."

పెన్సిల్ ఆయన చేతిలో పెట్టి వచ్చేశాను. దారంతా ఏడ్చాను, అది నిజం. తప్పు చేశానని మాత్రం ఒక్క క్షణం కూడా అనుకోలేదు.

నాలుగో రోజు సేటు గారి కబురొస్తే స్టూడియోకి వెళ్లాను. పెళ్లి నెగెటివ్‌లు కుప్పపడ్డాయి. టచింగ్‌కి కొత్తగా పెట్టుకున్న అమ్మాయి ఒక పెళ్లికూతురి ముక్కే చెరిపేసింది. పెద్దావిడేమో టచింగ్ లేని ప్రింటును చాలాసేపు చూసి, అదే మూడు కాపీలు కావాలని చెప్పి పోయిందట. ఆ సంగతి సేటు గారు ఎటో చూస్తూ చెప్పారు.

"మీరు తీసినయి టచింగ్ చేస్త. నాకు కెమెరా ఇయ్యాలె. నేను తీసినయి ఎవ్వరూ ముట్టద్దు," అన్నాను.

"ఆడోళ్లయి తీస్కో. కానీ రెండు లైట్లు వెలగాలె."

"లైట్లు నా ఇష్టం."

"గట్లయితే కుదరదమ్మా."

మెట్లు దిగి రోడ్డు మీదికొచ్చి బస్సు కోసం నిలబడ్డాను. ఆయన కిటికీలోంచి రెండుసార్లు పిలిచారు. తలెత్తలేదు. చివరికి ఆ భారీ మనిషి రొప్పుతూ కిందికి దిగి, నలుగురూ చూస్తుండగా కెమెరా గది తాళంచెవి ఉన్న చెయ్యి నా ముందుకు చాచారు.

వెంటనే అందుకోలేదు. కాసేపు ఆ చెయ్యి అట్లాగే ఉండనిచ్చాను.