చూడని సినిమా మీద ఒక పేరా

తార్నాకలో నేను పనిచేసిన డీటీపీ సెంటర్‌కి యూనివర్సిటీ స్కాలర్లు థీసిస్‌లు తెచ్చేవారు. ఎరువులు, భూకంపాలు, చెరువులు, ఏదైనా సరే చదువుతూనే టైపు కొట్టేదాన్ని. కానీ నోరు తెరుచుకుని కూర్చున్నది ఒక్కదానికే. తెలంగాణ ఉద్యమం జోరుమీదున్న రోజుల్లో తమ్ముడి వయసున్న ఒక స్కాలర్ తెచ్చాడు. యాభైల నాటి ఒక బ్రిటిష్ సినిమా దర్శకుడి మీద రాసిన థీసిస్.

వాడిది పత్తి పండించే ఇల్లు. ఆ ఇంట్లో కాలేజీ గడప తొక్కిన మొదటివాడు. మాది కోస్తా నుంచి వచ్చి లాలాగూడలో స్థిరపడిన క్రైస్తవ మాస్టారి ఇల్లు. వాడు పొద్దున క్యాంపస్‌లో నినాదాలిచ్చి గొంతు పోగొట్టుకుని, మధ్యాహ్నం నా పక్కన స్టూలేసుకుని తప్పులు దిద్దేవాడు.

"ఆంధ్రోళ్లయినా మంచిగనే కొడుతున్నరక్కా" అని ఆటపట్టించేవాడు.

"తెలంగాణ వస్తుందేమో గానీ, నీ చేతిరాత బాగుపడే రోజు మాత్రం రాదు నాయనా" అనేదాన్ని.

ఆ దర్శకుడు ఎడిటింగ్ గదిలో ఫిల్ము అతికించే పనితో మొదలయ్యాడట. రెండో ప్రపంచ యుద్ధకాలంలో బాంబులు పడుతున్న ఊళ్లోనే కెమెరా పెట్టి, మంటలార్పేవాళ్లనీ నర్సులనీ చూపించాడట. తర్వాత తన సినిమాలు ఆడటం మానేస్తే ఏడుస్తూ కూర్చోలేదు. నిర్మాతగా మారి, ఎవరూ నమ్మని కొత్తవాళ్ల చేత సినిమాలు తీయించాడు. అమ్మబాబోయ్, ఒక్క జన్మలో ఇంతా! ఆయన సినిమా ఒక్కటీ చూడకపోయినా ఇంటికెళ్లే బస్సులో ఆయన గురించే ఆలోచించేదాన్ని.

చివరి అధ్యాయంలో ఒక పేరా దగ్గర నా వేళ్లు ఆగిపోయాయి. ఆ దర్శకుడి సినిమాలన్నిటికన్నా గొప్పదని అందరూ చెప్పే సినిమాని తను చూడలేదనీ, ప్రింటు లండన్‌లోనే ఉందనీ, ఇతరుల రాతల మీద ఆధారపడ్డాననీ మావాడు రాసుకున్నాడు. ఎవడైనా తన గొయ్యి తానే తవ్వుకుంటాడా? ఐదేళ్ల కష్టం బూడిదలో పోసిన పన్నీరవుతుందని భయమేసి, వాడికి చెప్పకుండా ఆ పేరా తీసేశాను. మేలు చేశాననే అనుకున్నాను.

థీసిస్ ఇవ్వాల్సిన ఆఖరి రోజున, బైండింగ్ అయిన కాపీ తిరగేస్తూ వాడు ఆగిపోయాడు.

"గా పేరా ఏదక్కా?"

"తీసేశానురా. ఫెయిల్ చేస్తారు."

"చూడంది చూసినట్టు ఎట్ల రాస్తనక్కా? గంత పెద్దమనిషి మీద రాసుకుంట అబద్ధమాడాల్నా?"

అరుస్తాడనుకున్నాను. వాడి కళ్లలో నీళ్లు తిరిగాయి. సిగ్గుతో చచ్చిపోయాను.

ఆ రోజు బంద్. షట్టరు సగం దించుకుని పేరా మళ్లీ కొట్టాను. బైండింగ్ షాపాయన్ని ఇంటి నుంచి పిలిపించి ఐదు కాపీలూ విప్పించి మళ్లీ కుట్టించాం. బంద్ అయినా యూనివర్సిటీలో థీసిస్‌లు తీసుకునే కౌంటర్ ఐదింటిదాకా తెరిచే ఉంటుంది, కానీ ఒక్క ఆటో లేదు. టియర్ గ్యాస్‌కి కళ్లు మండుతుంటే కాపీలు చెరికొన్ని మోసుకుంటూ క్యాంపస్ దాకా పరుగులాంటి నడక. గుమస్తా తిట్టుకుంటూనే తీసుకుని ముద్ర వేశాడు.

కొన్ని నెలల తర్వాత, థీసిస్ మీద జరిగే నోటిపరీక్షకి, వైవాకి, వాడే నన్ను పిలిచాడు, వెనక వరసలో కూర్చున్నాను. పరీక్షించడానికి వచ్చిన పెద్దాయన ఆ దర్శకుడి మీద పుస్తకం రాసినవాడు. మావాడి థీసిస్ ఫుట్‌నోట్లలో సగం ఆ పుస్తకానివే. ఆయన నేరుగా ఆ పేరా ఉన్న పేజీయే తెరిచాడు.

"ఈ పేరా తీసెయ్యమని ఎవరూ చెప్పలేదా?"

"చెప్పిన్రు సర్. నాకే మనసొప్పలేదు."

నేను తల ఎత్తలేకపోయాను. ఔరా, ఎంత మనిషి వీడు అనుకున్నాను. పెద్దాయన డిగ్రీ ఇవ్వవచ్చని రిపోర్టు మీద రాసి, సంతకం పెట్టి, దాన్ని పక్కకి జరిపాడు. తర్వాత నిండు గదిలో, అందరికీ వినపడేలా అన్నాడు.

"ఆ సినిమా నేనూ చూడలేదు బాబూ. నా పుస్తకంలో చూసినట్టు రాశాను."