ఆట మధ్యలో లేచినందుకు

మా అక్క బి.ఎడ్. సీటు ఒక పేకాట వల్ల పోయిందంటే ఎవరూ నమ్మరు. అది కంప్యూటర్లో ఆడే పేకాట అని, దాన్ని మధ్యలో వదిలి లేచినందుకు నాకు వారం రోజుల శిక్ష పడిందని, ఆ వారంలోనే అక్క సర్టిఫికెట్లు చూపించాల్సిన గడువు దాటిపోయిందని చెబితే నవ్వుతారు. నవ్వనివ్వండి. శిక్ష పడ్డ రోజున నేనూ నవ్వాను.

రెండు వేల ఏడో ఎనిమిదో, ఏ ఏడాదో ఇప్పుడు గట్టిగా చెప్పలేను. మాది శామీర్‌పేట దగ్గర, పెద్ద రోడ్డుకు కాస్త లోపలగా ఉన్న ఊరు. నాయినది కూరగాయల సేద్యం. నేను మేడ్చల్‌లో డిగ్రీ చదివేదాన్ని. కంప్యూటర్ గ్రూపు తీసుకున్నాను కాబట్టి ఇంట్లో కంప్యూటరు ఉండి తీరాలని పట్టుబట్టి, అలిగి, రెండు రోజులు అన్నం మానేసి, ఎవరో వాడి వదిలేసినదాన్ని తెప్పించుకున్నాను. టెలిఫోన్ తీగ వెంట ఇంటర్నెట్టూ వచ్చింది. దాన్ని చదువుకు ఎంత వాడానో మాత్రం నన్ను అడగొద్దు.

అంతకు ముందటి ఏడు అక్కను నాగారం ఇచ్చాం. అక్క ఇంట్లో ఉన్న రోజుల్లో ఆదివారం మధ్యాహ్నం మా ఇంట్లో కోటుపీసు నడిచేది. అక్కా నేనూ ఒక జట్టు, అమ్మా నాయినా ఒక జట్టు. అక్క ఏ ముక్క వేయబోతుందో దాని కనుబొమలు చూసి చెప్పేదాన్ని. నాయిన పక్కవాళ్ల ముక్కలు తొంగిచూసి కూడా ఓడిపోయేవాడు. పెళ్లయ్యాక ఆ పేకలు డబ్బాలోకి వెళ్లాయి. బావ వాళ్లింట్లో కూడా కంప్యూటరు ఉందని తెలిశాక, నలుగురు కూర్చుని ఆడే ఇలాంటి ఆటే ఇంటర్నెట్టులో ఉందేమోనని నేనే వెతికాను. దొరికింది. అక్కా నేనూ ఎదురెదురు కుర్చీల్లో కూర్చునేవాళ్లం, మిగతా రెండు కుర్చీల్లో ఏ దేశం వాళ్లో వచ్చి కూర్చునేవారు.

మధ్యాహ్నం అంట్లు తోమడం అయ్యాక అక్కకు ముప్పావుగంట తీరిక. నా కాలేజీ ఒంటిగంటకే వదిలేవారు. కండ్లకోయ వైపు పోయే కాలేజీ బస్సుల వెనక దుమ్ము తింటూ, రెండు ఆటోలు మారి, చెప్పులు విడవకుండానే కంప్యూటరు ముందు వాలేదాన్ని.

నిజం చెప్పాలంటే ఆట మాకు ఒక సాకు. ముక్కల పక్కన రాసుకోవడానికి చిన్న గడి ఉండేది. ఎదుటి జట్టుకూ కనిపించేది గానీ, ఇంగ్లీషు అక్షరాల్లో మేం రాసే తెలుగు వాళ్లకేం తెలుస్తుంది? అక్క అక్కడే మనసు విప్పేది. వాళ్లింట్లో ఫోను హాల్లో ఉండేది, దాని పక్కనే మామగారి కుర్చీ. సెల్‌ఫోను బావ జేబులో, మెయిలు కూడా బావ పేరు మీదే. వాళ్లు చెడ్డవాళ్లు కారు, అక్కను ఒక్క మాట అన్నట్టు కూడా నేను వినలేదు. అయితే ఆ ఇంట్లో ఎవరి మాటైనా అందరిదీ. అక్క మాట అక్కదిగా ఉండేది ఆ గడిలోనే.

ఆ వేసవిలో అక్క మా ఇంటికి వచ్చినప్పుడు బి.ఎడ్. ప్రవేశ పరీక్ష రాసింది. అత్తవారింట్లో తెలుసు. ర్యాంకు రాదులే అని ఊరుకున్నారు. తీరా వచ్చింది, అదీ మంచి ర్యాంకు. అప్పుడు మామగారు, "ఇప్పుడే ఏం తొందర, వచ్చే ఏడు జూద్దాం" అన్నారట. అక్క సరేనంది. అక్క సరే అంటే సరే అన్నట్టు కాదని నాకు తెలుసు, వాళ్లకు తెలియదు. బావను ఒంటరిగా పట్టుకుని అడిగితే, "సర్టిఫికెట్లు చేతిల ఉంటే బండి మీద తీస్కపోత, నాయినకు తర్వాత చెప్తా తియ్" అన్నాడట, వాటిని తెప్పించే పని మాత్రం అక్కకే వదిలేసి. ర్యాంకు ప్రకారం అక్క కౌన్సెలింగుకు వెళ్లి సర్టిఫికెట్లు చూపించాల్సింది గురువారం. సర్టిఫికెట్లన్నీ మా ఇంట్లో, ఇనప బీరువా కింది అరలో, తన చీరల అడుగున ఉన్నాయి. నేను చేయాల్సిందల్లా వాటిని తీసి బస్సెక్కడమే. కానీ ఇదేదీ నాకు అప్పుడు తెలియదు. తెలిపే దారి అక్కకు ఒకటే ఉంది, ఆ దారిలో నేనే లేకుండా పోయాను.

ఆ సైటు వాళ్లకు ఆట మధ్యలో లేచేవాళ్లంటే పడదు. ముగియకముందే కుర్చీ వదిలితే మొదటిసారి పాయింట్లు కోస్తారు, పాపం మన జతవాళ్లకు కూడా. ఏడు రోజుల్లోపు రెండోసారి లేస్తే ఒక రోజు బయట. మూడోసారి లేస్తే ఏడు రోజులు. దానికి తోడు పేరు పక్కన విరిగిన కుర్చీ బొమ్మ ఒకటి తగిలిస్తారు. నియమం మంచిదే. ఓడిపోయేటప్పుడు పారిపోయే పిరికివాళ్లను నేనూ బోలెడుమందిని చూశాను, తిట్టాను. కాకపోతే వాళ్ల లెక్కలో లేచినవాళ్లంతా పిరికివాళ్లే. శామీర్‌పేటలో కరెంటు పోతుందని ఆ సైటుకు ఎవరు చెప్పాలి?

పోవడం ఒక బాధ, రావడం ఇంకో బాధ. ఆ ఏడు శ్రావణం సగమైనా వాన లేదు. బోరు మోటర్లకు త్రీ ఫేజ్ కరెంటు ఎప్పుడు ఇస్తారో ఇచ్చేవాళ్లకే తెలియాలి. అంతకు ముందు అందరూ ఆటో స్టార్టర్లు పెట్టుకున్నారు. కరెంటు రాగానే మోటర్లన్నీ ఒక్కసారి లేచి ట్రాన్స్‌ఫార్మర్‌ను రెండుసార్లు కాల్చాయి. అది బాగై వచ్చేసరికి బెండ తోటలు వాడిపోయాయి. దాంతో ఆ ట్రాన్స్‌ఫార్మర్ కింది ఎనిమిది మంది రైతులూ కూర్చుని ఒక కట్టుబాటు చేసుకున్నారు. ఆ స్టార్టర్లు పీకేయాలి. మోటరు చేత్తోనే వేయాలి, వరుసగా, ఒకరి తర్వాత ఒకరు. వరుస తప్పినవాళ్లు ఎనిమిదో మోటరు తర్వాతే వేసుకోవాలి. అప్పటికి వోల్టేజీ పడిపోయి మోటరు గుర్రుమంటుందే తప్ప నీళ్లు పైకి ఎక్కవు. ఆ వరుసలో మాది మూడో వంతు.

అమ్మా నాయినా ఆ నెలంతా రోడ్డు అవతల కౌలు చేనులో ఉండేవాళ్లు. ఇంటి వెనక బోరు నా పని. నాయిన బోరు దగ్గర గుంజకు త్రీ ఫేజ్ లైను మీద ఒక బల్బు కట్టాడు. అది వెలిగితే కరెంటు వచ్చినట్టు. నా కంప్యూటరు కిటికీలోంచి అది కనిపించేది. అంటే నేను ఒక కన్ను ముక్కల మీద, ఒక కన్ను బల్బు మీద పెట్టి ఆడేదాన్ని. అక్కడ లేస్తే శిక్ష, ఇక్కడ లేవకపోతే శిక్ష.

శుక్రవారం ఇంట్లో కరెంటు పోయి ఆట తెగింది. పాయింట్లు పోయాయి. శనివారం బల్బు వెలిగింది, లేచాను, ఒక రోజు బయట. సోమవారం మళ్లీ కూర్చున్నాం. ముక్కలు పంచగానే అక్క గడిలో రాసింది.

"ఆట అయినంక ఒక మాట చెప్పాలె. పోకు."

"ఇప్పుడే చెప్పరాదు?" అన్నాను.

"ఆడబిడ్డ పక్కనే కూసున్నది. ట్యూషన్‌కు పోతది ఇగ. ఆగు జర."

ఆగాను. నాలుగు పట్లు అయ్యాయి. అన్నిటినీ కొట్టే హుకుం ముక్కలు నా చేతిలో ఉన్నాయి. బల్బు వెలిగింది. ఇంకో రెండు నిమిషాలు కూర్చున్నాను, కూర్చోలేదని కాదు. మొదటి మోటరు శబ్దం వినిపించింది, రెండోది వినిపించింది. తోటకు రెండు రోజులుగా తడి లేదు. "మోటరు ఏసి ఉరుకొస్త, పది నిమిషాలు" అని రాసి పరిగెత్తాను. ఎదుటి జట్టు వాళ్లు పది నిమిషాలు ఎందుకు ఆగుతారు? తిరిగొచ్చేసరికి టేబుల్ లేదు, అక్క లేదు. నన్ను ఏడు రోజులు బయట పెట్టినట్టు ఎర్ర అక్షరాల్లో ఒక వాక్యం ఉంది. ఎవరి సొమ్మో కాజేసినట్టు ఏడు రోజులేమిటని నవ్వొచ్చింది.

తర్వాత ఒళ్లు మండింది. వేరే పేరుతో చేరాను. కొత్తవాళ్లు ముందు ఇరవై ఆటలు ఆడితే గానీ జతను ఎంచుకునే వీలు లేదట. పోతే పోయింది పొమ్మని మూసేశాను. నా పొగరు ఇరవై ఆటలకు ఒప్పుకోలేదు. సైటు వాళ్లకు మాత్రం నాకొచ్చిన ఇంగ్లీషులో పెద్ద ఉత్తరం రాశాను. త్రీ ఫేజ్ అంటే ఏమిటో, ట్రాన్స్‌ఫార్మర్ ఎందుకు కాలుతుందో, మాది మూడో వంతు ఎలా అయిందో అంతా వివరించాను. మర్నాడు జవాబు వచ్చింది. మమ్మల్ని సంప్రదించినందుకు ధన్యవాదాలు, ఆట మొదలుపెట్టే ముందు తగినంత తీరిక ఉందో లేదో చూసుకోండి అని. అది మనిషి రాసింది కాదని నాకు తర్వాత తెలిసింది.

అక్క ఏదో చెప్తానన్నది గుర్తుంది. అత్తగారింటి ముచ్చటేదో అయి ఉంటుంది, వారం తర్వాత వినొచ్చనుకున్నాను. బుధవారం సాయంత్రం అక్కే ఫోను చేసింది.

"ఏందే, ఆటకు వస్తలేవు? రెండు దినాల సంది జూస్తున్న."

"నన్ను బయట పెట్టిండ్రే అక్కా. మల్ల సోమారం దాకా రానియ్యరట."

"సోమారమా?" అంది అక్క. వెనకాల మామగారు దగ్గడం వినిపించింది. "అమ్మ బీరువ సర్దిందా? కింది అరల నా చీరలున్నయ్ గదా, ఒకపారి తీసి జూడు."

"ఇప్పుడు చీరలెందుకే? శ్రావణ శుక్రవారానికి పట్టుచీర గావాల్నా? అమ్మను అడుగుత."

"వద్దొద్దు. అమ్మకు చెప్పకు. నువ్వే జూడు."

"సరే తియ్, జూస్తా."

"ఇయ్యాలనే జూడు చెల్లె" అంది. గొంతు మామూలుగానే ఉంది. ఆ మామూలు గొంతు పెట్టడానికి దానికి ఎంత కష్టమైందో నాకు ఒక్క ముక్క కూడా అర్థం కాలేదు. కనుబొమలు చూసి ముక్క చెప్పే నేను, ఫోనులో అంత స్పష్టంగా చెప్పినా వినలేకపోయాను. బీరువా తెరవలేదు. మోటరు వేయడానికి వెళ్లి మరిచిపోయాను. ఇది రాస్తుంటే కూడా నా మీద నాకు అసహ్యం వేస్తోంది.

సోమవారం శిక్ష తీరింది. అక్క ముందే కూర్చుని ఉంది. ముక్కలు పంచారు. నేను ఉత్సాహంగా, "ఏందో చెప్తనన్నవ్ గదా?" అని రాశాను. అప్పుడు రాసింది అంతా, చిన్న చిన్న వాక్యాల్లో, ముక్క ముక్కకూ మధ్యన. ర్యాంకు, బావ మాట, గురువారం, బీరువా కింది అర. బుధవారం రాత్రి బావ అడిగాడట, సర్టిఫికెట్లు వచ్చాయా అని. రాలేదంటే, సరే అయితే అని పడుకున్నాడట.

"ఇప్పుడే తెస్త అక్కా, ఆఫీసుల అడుగుదాం" అని రాశాను.

"గురువారం అయిపోయింది చెల్లె. నీ వంతు, ఎయ్యి."

నేను వేయలేదు. గడియారం తిరుగుతోంది. టైము అయిపోతే అదీ వదిలేసినట్టే లెక్క.

"ఎయ్యి. మల్ల నిన్ను బయట పెడితే నేనెవలతోని మాట్లాడాలె?" అని రాసింది అక్క. ఏడుస్తూ ఏదో ముక్క వేశాను. ఆ రోజు ఆట ఆఖరుదాకా ఆడి ఓడిపోయాం.

అమ్మకూ నాయినకూ చెప్పాను. అమ్మ బీరువా తెరిచి ఆ కాగితాలు తీసి ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. నాయిన, "ఒక్క మాట జెప్తే గా వారం మోటరు నేనే ఏసుకుంటుంటి గద బిడ్డా" అన్నాడు. నాకే తెలియని మాట నాయినకు ఎలా చెప్పను?

మరుసటి ఏడు అక్క కడుపుతో ఉంది. ఆ పై ఏడు దరఖాస్తులు ఇస్తున్నారని పేపర్లో చూడగానే మేడ్చల్ వెళ్లి ఫారం తెచ్చాను. బీరువాలోంచి పదో తరగతి, ఇంటరు, డిగ్రీ మెమోలు, టీసీ అన్నీ ఒక ప్లాస్టిక్ కవర్లో పెట్టుకుని నాగారం బస్సెక్కాను. అక్క ఒళ్లో ఐదు నెలల కొడుకు ఉన్నాడు. ఇంట్లో అందరూ ఉండగానే కవరు దాని చేతికి ఇచ్చాను. ఎవరూ అడ్డు చెప్పలేదు. మామగారు కూడా, "మంచిదే గదా" అన్నారు.

అక్క కాగితాలు ఒక్కొక్కటీ తీసి చూసింది. పదో తరగతి మెమో మీద తన పేరును కాసేపు చూసింది. పిల్లవాడు చేయి చాచి ఒక మూల పట్టుకున్నాడు. వాడి వేళ్లు మెల్లగా విడదీసి, కాగితాలన్నీ మళ్లీ వరుసలో పెట్టి, కవరు నా చేతికి ఇచ్చేసింది.

"ఇంట్లనే పెట్టు చెల్లె. ఈడ ఉంటే వీడు చింపుతడు."

"మరి ఫారం?" అన్నాను.

"గది గూడ తీస్కపో" అంది. ఫారం మడత కూడా విప్పలేదు.