బండల మీది నుంచి పడ్డ మనిషి

టెలివిజన్ హాస్య నాటికలకు చాలా ఏళ్ళు కెమెరా పట్టాను. నటుడు జారిపడే సన్నివేశం వస్తే దర్శకుడికన్నా ముందు నేనే కెమెరా ఆపేసేవాణ్ణి. దర్శకులు విసుక్కునేవారు. కారణం ఎవరికీ చెప్పలేదు.

అరవైల్లో నేను వికారాబాదు స్టేషను దగ్గర ఒక ఫోటో స్టూడియోలో పనిచేసేవాణ్ణి. టీకాల ప్రచారం కోసం చిన్న హాస్య చిత్రం తీయాలని హైదరాబాదు నుంచి ఒక అధికారి వచ్చాడు. ఆయన వెంట వచ్చిన కెమెరామన్ జ్వరంతో పడిపోయాడు. దాంతో ఆయన మా స్టూడియోకు వచ్చి నన్ను తీసుకుపోయాడు. కదిలే బొమ్మలు తీసే కెమెరాను నేను అంతవరకు ముట్టుకోలేదు. రైలు తాండూరు చేరేలోపు ఆయన నేర్పిందే నా చదువు. తాళం తిప్పితే లోపల స్ప్రింగు బిగుస్తుంది. మీట నొక్కితే అర నిమిషం తిరిగి దానంతటదే ఆగుతుంది.

"ఒక్కటే రీలున్నది. ఖరాబ్ జేస్తివంటే ఇంకోటి రాదు," అన్నాడు ఆయన.

వేషం కట్టింది తాండూరు దగ్గరి కరణ్‌కోట గనుల్లో బండలు కొట్టే మనిషి. పండుగలప్పుడు ఊరందరినీ నవ్వించేవాడు. సూదికి భయపడి, టీకాలవాడికి దొరక్కుండా, పేర్చిన నాపరాళ్ళ దొంతరల మీద దూకుతూ పరుగెత్తాలి. అంతే కథ. చూడటానికి గనుల పనివాళ్ళంతా మూగారు.

బిగిసిన తాళాన్నే మళ్ళీ మళ్ళీ తిప్పుతున్నాను. వేషం కట్టినాయన గమనించి దగ్గరికి వచ్చాడు.

"ఏం ఫికర్ జెయ్యకు తమ్మీ. నన్నే జూసుకుంట ఉండు. నువ్వు మాత్రం నవ్వకు, చెయ్యి ఊగుతది."

మీట నొక్కాను. ఒక దొంతర దూకాడు. రెండోదీ దూకాడు. జనం విరగబడి నవ్వుతున్నారు. మూడోదాని మీద పై బండ కదిలింది. ఆయన వెల్లకిలా పడ్డాడు, బండ జారి పాదం మీద పడింది. నవ్వు ఇంకా పెద్దదైంది. అదీ ఆటలో భాగమే అనుకున్నారు.

అందరికన్నా ముందున్నది నేను. ఆయన ముఖం నాకు కనబడింది. నోరు తెరిచి ఉంది, కేక మాత్రం రావడం లేదు. నాకు అర్థమైంది. అయినా మీట మీద నుంచి వేలు తీయలేదు. ఒక్కటే రీలు, ఒక్కటే రీలు అని తలలో మోగుతోంది. చివరికి స్ప్రింగే ఆగింది. అప్పుడు గానీ నాకు నోరు పెగల్లేదు.

"అన్న కాలు బండ కింద వడ్డది! లేపుండ్రి!"

నవ్వు ఒక్కసారిగా తెగిపోయింది. నలుగురు కలిసి బండ లేపారు. జీపులో ఆసుపత్రికి తీసుకుపోయాం. రెండు కాలివేళ్ళు తీసేశారు.

వారం తర్వాత ఆయన మంచం దగ్గరికి వెళ్ళాను.

"అన్నా, నువ్వు వడ్డప్పుడే నాకు సమజైంది. అయినా కెమెరా ఆపలే."

ఆయన మోచేతి మీద పైకి లేచాడు.

"నేను వడ్డది బొమ్మల వచ్చిందా మరి?"

"వచ్చింది."

"అయితే గా ముక్క కొయ్యనియ్యకు. కోసి పారేస్తే నా కాలి యేళ్ళు ఉత్తగ పోయినట్టే."

ఆ మాటే అధికారికి చెప్పాను. ఆయన కోయలేదు.

వికారాబాదు సినిమా హాల్లో మధ్యాహ్నం ఆటకు ముందు ఆ చిత్రం వేశారు. కర్ర పట్టుకుని వచ్చి అన్న నా పక్కన కూర్చున్నాడు. పడే చోట హాలంతా నవ్వింది. ఆయనా నవ్వాడు, కళ్ళు తుడుచుకుంటూ. నేను తల దించుకున్నాను.

"జూస్తలేవేంది?" అన్నాడు. మళ్ళీ తనే అడిగాడు.

"రేపు గూడ ఏస్తరా?"

"ఏస్తరన్నా."

"అయితే రేపు మా ఇంటిదాన్ని తోల్కొస్త," అని కర్ర ఆనించుకుని లేచాడు.