మైలపల్లి వాళ్లమ్మాయిని అనుకున్నాను

పదేళ్లప్పుడు వదిలేసిన పోర్ట్ బ్లెయిర్‌లో ముప్పై ఏళ్ల తర్వాత ఈ రోజు పొద్దున దిగాను. నా పనల్లా ఒక్కటే. మా తాత వాళ్ల అన్న కూతురు నూకాలత్తను పట్టుకుని, శ్రీకాకుళం వైపు మాది ఏ ఊరో కనుక్కోవడం. నాన్న ఉన్నన్నాళ్లూ నాకు అడగాలనిపించలేదు.

మిన్నీ బేలో అత్త ఇల్లు సులువుగానే దొరికింది. నేను గీసుకెళ్లిన వంశవృక్షం చూపించి, తాతలిద్దరి పైన వాళ్ల నాన్న పేరు కోసం ఖాళీగా ఉంచిన గడి మీద వేలు పెట్టాను.

అత్త నవ్వింది. "అరే పాగల్! మీ తాత, మా అయ్య అన్నదమ్ములు కారే. ఒకే షిప్పులో ఒచ్చినారు, బస్, అంతే. రేషన్ కార్డు రాసినపుడు మా అయ్య 'ఈడు నా తమ్ముడు' అని సెప్పీసినాడు. మా ఇంటిపేరే మీ తాతకీ రాసీసినారు."

"మరి మా అసలు ఇంటిపేరేంటత్తా? ఊరేది?"

"మీ తాత సెప్పనేదు. మేం అడగనేదు."

నలభై ఏళ్లుగా మైలపల్లి వాళ్లమ్మాయినని చెప్పుకుంటున్నాను! వెళ్లొస్తానని లేచాను. అత్త గద్దించి కూర్చోబెట్టింది. బొట్టు పెట్టి, చీర, ఎండుచేపల పొట్లం ఒళ్లో పెట్టింది.

"ఇంటి ఆడపిల్ల ఉత్త సేతుల్తో ఎల్లకూడదు."

ఏ ఇంటి ఆడపిల్లనో తేలకుండా చేసింది తనే కదా!

ఇప్పుడు లాడ్జి గదంతా ఎండుచేపల వాసన. ఆ వంశవృక్షం కాగితం ముందు పెట్టుకుని కూర్చున్నాను. తాతలిద్దరినీ కలుపుతూ నేను గీసిన గీత పెన్సిలు గీతే. మీరైతే చెరిపేస్తారా?