ఆయన కారు పార్క్ చేస్తున్నారు

అమెరికాలో, సియాటిల్ పక్కనున్న బాతెల్‌లో మా ఇంటికి దగ్గర్లో ఆడవాళ్ళే కలిసి నడుపుకునే రెస్టారెంట్ ఒకటుంది. నేను పుట్టకముందు నుంచీ ఉందట. అక్కడ వడ్డించేవాళ్ళుండరు. ఎవరి ప్లేటు వాళ్ళే కిచెన్ కిటికీ దగ్గర తెచ్చుకోవాలి, తిన్నాక టేబుల్ తుడిచి వెళ్ళాలి. ఓ మూల స్వెట్టర్లు అల్లేవాళ్ళు, ఇంకో మూల ఇంటద్దెల గురించి మీటింగు. ఒంటరిగా వచ్చిన ఆడదాన్ని ఎవరూ ఏమీ అడగరు.

మా ఆయనా నేనూ విడిపోయాక నాకు కావలసింది సరిగ్గా అదే. తెలుగు చర్చిలో ఆరాధన అయ్యాక భోజనాల దగ్గర "బ్రదర్ రాలేదా సిస్టర్?" అంటారు. ఆ ప్రశ్నకు జడిసి చర్చి మానేసి, ఆదివారాలు ఇక్కడికి రావడం మొదలుపెట్టాను.

మొదటి రోజు తలుపు తియ్యగానే, ఎవరూ అడక్కుండానే, "మా ఆయన కారు పార్క్ చేస్తున్నారు" అని చెప్పేశాను. అదీ స్త్రీల హక్కుల పోస్టర్ కింద నిలబడి. అంతటితో ఊరుకున్నానా, బస్సులో కర్చీఫ్ వేసినట్టు పక్క కుర్చీలో హ్యాండ్‌బ్యాగ్ వేసి ఆయనకి సీటు కూడా పట్టాను. తర్వాతి ఆదివారమూ అదే మాట, అదే బ్యాగు. కౌంటర్ దగ్గరుండే తెల్లజుట్టు ఆవిడ ఒకసారి నవ్వకుండా, "పార్కింగ్ లాట్ ఖాళీగానే ఉందే" అంది. ఆఫీసులో మగవాళ్ళ కోడ్‌లో తప్పులు పట్టి మొహం మీదే చెప్పే మనిషిని, లేని మొగుడికి సీటు కాస్తున్నాను.

ఓ ఆదివారం ఆ బ్యాగు తీసి నా ఒళ్ళో పెట్టి, మా చర్చి ఆంటీ కూర్చుంది. చర్చిలో అందరికీ బిర్యానీ వండే ఆవిడ. సూప్ తాగుతున్న నాకు పొలమారింది.

"వందనాలు ఆంటీ. మీరేంటి ఇక్కడ?"

"అప్పుడప్పుడూ వంట డ్యూటీ స్కిప్ చేసి వస్తానమ్మా. ఇంకెవరో వండింది తినాలనిపిస్తది కదా. ఎన్నో ఏళ్ళ నుంచీ అలవాటే."

నేను "ఆయన..." అని మొదలుపెట్టి, ఆవిడ మొహం చూసి ఆగిపోయాను. "విడిపోయాం ఆంటీ."

"తెలుసు. ప్రేయర్ గ్రూప్‌లో నీ గురించి ప్రార్థన చేస్తానే ఉన్నాం. నువ్వొస్తే ఎవరూ ఏమీ అడగొద్దని పాస్టరమ్మ గారు అందరికీ ముందే చెప్పేశారు. నువ్వే రాలేదు."

నేను అంత జాగ్రత్తగా దాచుకున్న రహస్యానికి వాట్సాప్‌లో ఆమెన్‌లు పడుతున్నాయన్నమాట. ముందు సిగ్గేసింది, ఆ వెంటనే ఏడుపొచ్చింది. ఇన్ని ఆదివారాలు ఒక్కదాన్నే తిన్నందుకు నా మీద నాకే జాలేసింది.

ఆంటీ నన్ను ఓదార్చలేదు. వెళ్ళి తన ప్లేటు తెచ్చుకుని మళ్ళీ కూర్చుంది.

"చర్చికి రాబుద్ధి కాకపోతే రావొద్దులే. వచ్చే ఆదివారం నేనే ఇక్కడికొస్తా. బిర్యానీ వాళ్ళే వండుకుంటారు."