లారీ గేమ్‌లో ఎత్తేసిన రీలు

లోకంలో గేమ్‌లు ఎక్కించే వాళ్లందరినీ తక్కెడలో ఒక పక్క కూర్చోబెట్టి, రెండో పక్క తాతయ్య ఎడమచేతి చిటికెన వేలు ఒక్కటి పెడితే, వేలున్న పక్కే నేలకి దిగుతుంది. గేమ్ పెట్టెలు తయారుచేసే కంపెనీల వాళ్లకి ఏదైనా అనుమానం వస్తే తాతయ్యనే అడుగుతారు. ఇంతవరకూ ఎవరూ అడగలేదంటే అది వాళ్ల మొహమాటం. సాక్షి కావాలంటే తాతయ్యే ఉన్నాడు. అంతకన్నా నమ్మకమైన సాక్షి ఆయనకి ఎప్పుడూ దొరకలేదు.

ఈ మహానుభావుడు పుట్టుకతో గేమ్‌లవాడు కాదు. సినిమా హాల్లో ప్రొజెక్టర్ ఆపరేటర్. ఇనప మెట్లెక్కితే వచ్చే ఇరుకు గదిలో, రెండు మిషన్ల మధ్య, బనీను మీద ఆయన జీవితం గడిచింది. ఒక మిషన్ మీద రీలు అయిపోతుండగానే రెండో మిషన్ అందుకోవాలి. కింద కూర్చున్న జనానికి ఆ అతుకు తెలియకూడదు. తను ఏనాడూ తెలియనివ్వలేదంటాడు. జనం ఈలలు వేసింది తన పనితనం మెచ్చుకునే అని కూడా అంటాడు.

ఆ పనితనంలో ఒక ప్రత్యేక విద్య ఉంది. రెండో ఆట ఆలస్యమైతే జనానికి ఆఖరి బస్సు తప్పిపోతుంది. బస్సు తప్పితే మళ్లీ హాలు ముఖం చూడరు. అందుకని సినిమా పొడుగైన రోజున మేనేజరు కింద నుంచి గంట కొట్టేవాడు. గంట మోగిందంటే తాతయ్య ఒక రీలుని డబ్బాలోంచి తీయకుండానే ఎత్తేసేవాడు. ఏది ఎత్తెయ్యాలన్నది పూర్తిగా ఆయన చిత్తం. హీరో కొండెక్కడం మొదలుపెట్టేవాడు, మరుక్షణం ఆస్పత్రిలో కట్లతో పడుకుని ఉండేవాడు.

"మధ్య ముక్క ఎప్పుడూ పీచే," అనేది తాతయ్య సిద్ధాంతం. "మొదలుండాలి, చివరుండాలి. మధ్యలో ఏం జరిగిందో జనమే అల్లుకుంటారు. ఇంటికెళ్లేదాకా వాళ్లకి మాత్రం పనేముంది."

కాలం మారి హాలు మూతపడింది. తాతయ్య చేతులు మూతపడలేదు, అదే ఇంటిల్లిపాదికీ వచ్చిన చిక్కు. కనిపించిన వస్తువునల్లా విప్పి బాగుచేశాడు. ఆయన బాగుచేసిన టేబుల్ ఫ్యాను ఈనాటికీ తిరుగుతుంది, కాకపోతే గాలి గోడకి కొడుతుంది. ప్రతి రిపేరుకీ రెండు మూడు స్క్రూలు మిగిలేవి. "కంపెనీవాళ్లు కావాలనే ఎక్కువ బిగిస్తారు" అని వాటిని ఒక సీసాలో పోసేవాడు. సీసా నిండింది. ఇంట్లో వస్తువులు తేలికయ్యాయి.

ఆ దశలో ఆయన కన్ను మనవరాలి గేమ్ పెట్టె మీద పడింది. ఈ మనవరాలు పదో తరగతి రెండుసార్లు తప్పి, మూడోసారి తప్పాలా వద్దా అని ఆలోచిస్తున్న పిల్ల. టీవీకి తగిలించి ఆడుకునే ఆ పెట్టెకి డిస్కు మింగే నోరు పాడైంది. పెట్టిన డిస్కుని పెట్టినట్టే కక్కేస్తోంది. వీధి చివర కొట్లో కళ్లజోడు పెట్టుకుని కూర్చునే మెకానిక్ దాని లోపలి ప్రోగ్రామ్ మార్చేసి, బయట తగిలించే హార్డ్ డిస్క్ నుంచే గేమ్‌లు నడిచేలా చేశాడు. పెట్టె తీసుకెళ్లడానికి వచ్చిన తాతయ్యకి పద్ధతి కూడా వివరంగా చెప్పాడు.

"తాతగారూ, మీ దగ్గరున్న గేమ్ డిస్కుని కంప్యూటర్‌లో పెట్టి, అందులో ఉన్నదంతా ఈ హార్డ్ డిస్క్‌లోకి కాపీ చేసుకోండి. ఫోల్డర్ మొత్తం. ఒక్క ఫైల్ కూడా వదలద్దు. దీన్ని పెట్టెకి వెనకవైపే గుచ్చండి. ఇంటర్నెట్ మాత్రం కలపకండి, అప్‌డేట్ అయిందంటే నేను చేసిందంతా నీళ్లపాలే."

"నాకా చెప్తున్నావు?" అన్నాడు తాతయ్య.

"చెప్పాలి కదండీ."

"చెప్పావుగా."

వెనకవైపు గుచ్చాలన్నది ఆయనకి గుర్తుంది. ఇంటర్నెట్ కలపకూడదన్నదీ గుర్తుంది. మిగతాది చెవిటివాడి ముందు ఊదిన శంఖమైంది.

ఇక్కడ నాయనమ్మ గురించి చెప్పాలి. ఆమె అదే హాల్లో టికెట్ కౌంటర్‌లో కూర్చునేది. ఆ కౌంటర్‌కి చెయ్యి పట్టేంత కంత తప్ప కిటికీ లేదు. తాతయ్య ఆ కంతలో ఆమె కుడిచెయ్యి చూసే పెళ్లికి ఒప్పుకున్నాడనీ, మొహం తీరిగ్గా తరవాత చూశాడనీ ఇంట్లో అంటుంటారు. ఆయన కాదనడు.

ఆ చెయ్యే స్నానాలగదిలో జారిపడి మణికట్టు దగ్గర విరిగింది. కట్టు విప్పాక చూస్తే వేళ్లు కర్రల్లా ఉన్నాయి. ఈ నెల రోజుల్లో వంచకపోతే కీళ్లు బిగుసుకుపోతాయనీ, తరవాత ఎవరొచ్చినా ఏమీ చేయలేరనీ డాక్టరు చెప్పి, పిసకమని ఒక రబ్బరు బంతి ఇచ్చాడు. నాయనమ్మ దాన్ని గాలికి కొట్టుకునే వంటింటి తలుపు కింద పెట్టింది. తలుపు కుదుటపడింది. వేళ్లు మాత్రం అలాగే ఉన్నాయి. అన్నం ఎడమచేత్తో తింటూ, జడ మనవరాలి చేత వేయించుకుంటూ, అడిగినవాళ్లకి "బానే ఉంది" అని చెప్పేది.

ఒకరోజు మనవరాలు ఆడుతుంటే పక్కన కూర్చుని, "ఇందులో లారీ లేదుటే?" అంది.

లారీ ఉంది. పెట్టెతో పాటు వచ్చిన డిస్కుల్లో ఒకటి లారీ గేమే. సరుకేసుకుని కొండ దాటి రేవుకి చేరాలి. నాయనమ్మ తండ్రి లారీ డ్రైవరు. ఆమెని క్లీనర్ సీట్లో కూర్చోనిచ్చాడు గానీ స్టీరింగ్ ముట్టనివ్వలేదు. పైగా ఆ గేమ్‌లో బండి కదలాలంటే రిమోట్ వెనక మీట కుడిచేతి చూపుడువేలితో నొక్కిపట్టాలి. డాక్టరుకి చెప్తే, బంతి కన్నా అదే నయం అన్నాడు.

"ఎంతసేపు పని," అని తాతయ్య చొక్కా చేతులు మడిచాడు. చొక్కా లేదు, బనీనే. అయినా మడిచాడు.

గేమ్ ఎక్కడం మొదలైంది. తొంభై శాతం దాటాక, హార్డ్ డిస్క్‌లో చోటు లేదని కంప్యూటర్ మొరాయించింది. చోటు ఎందుకు లేదంటే, మనవరాలి గేమ్‌లు పోను అందులో సగం తాతయ్య ఆస్తి. హాలు మూతపడిన రోజున, ఆఖరి ఆట వేస్తూ ఆయన ఫోన్లో తీసుకున్న వీడియో అది. మొదటి నుంచి చివరి దాకా ఆట మొత్తం ఉంది. అందులో సగం సేపు బొటనవేలే కనిపిస్తుంది. మిగతా సగం సేపు తిరుగుతున్న రీలు, గోడమీద దాని నీడ. దాన్ని టీవీలో వేసుకుని ఆయన ఒక్కడే చూస్తాడు. ఎవరైనా వస్తే కట్టేస్తాడు.

వీడియో తీసెయ్యాలన్న ఆలోచన ఆయనకి రాలేదు. చోటు చాలడంలేదు, అంటే గంట మోగినట్టే. గేమ్ ఫోల్డర్ తెరిచి చూశాడు. వరసగా పెద్ద పెద్ద ఫైళ్లు, అచ్చం రీలు డబ్బాల్లా. మధ్యలో బాగా లావుగా ఉన్నదాన్ని చూసి, "పీచు" అని వదిలేసి, మిగతావన్నీ ఎక్కించాడు.

గేమ్ తెరుచుకుంది. లారీ కదిలింది. తాతయ్య ఇంట్లో అందరి మొహాలూ ఒకసారి చూశాడు. పతకం తెచ్చి మెడలో వేస్తారేమోనన్నట్టు కాసేపు నిలబడ్డాడు కూడా.

నాయనమ్మ రోజూ పొద్దున్నే లారీ ఎక్కేది. మొదట్లో వేలు మీటని తాకేది, అంతే. తరవాత కొంచెం నొక్కింది. నొప్పికి పళ్లు బిగబట్టి, ఎదురొచ్చే బళ్లని వాళ్ల నాన్న తిట్టే తిట్లన్నీ తిట్టేది. లారీ ఊరు దాటింది, అడవి దాటింది, మలుపులన్నీ తిరిగి కొండెక్కింది. కొండ మీద ఒక బ్రిడ్జి ఉంది. ముందు చక్రాలు బ్రిడ్జి ఎక్కగానే బొమ్మ బిగుసుకుపోయింది.

మళ్లీ మొదటి నుంచి నడిపింది. మళ్లీ బ్రిడ్జి దగ్గరే ఆగింది.

"వైరు వదులైంది," అన్నాడు తాతయ్య. మర్నాడు కరెంటు హెచ్చుతగ్గులన్నాడు. ఆ మర్నాడు మెకానిక్ పనితనమన్నాడు. ఆడలేక మద్దెల ఓడు అన్న సామెత పుట్టిననాడు ఆయన అక్కడే ఉండుంటాడు. ఈలోగా నాయనమ్మ రిమోట్ పక్కన పెట్టేసి చెయ్యి ఒళ్లో పెట్టుకుంది.

"ఇంకోసారి నడపవే," అన్నాడు తాతయ్య.

"ఎక్కడికి? ఆ బ్రిడ్జి దాకానా? నా వేలికంత సరదా లేదు."

నెలలో సగం పైగా గడిచిపోయింది. తాతయ్య హార్డ్ డిస్క్ చంకన పెట్టుకుని మెకానిక్ మీదికి దండయాత్రకి వెళ్లాడు. వెనకాల మనవరాలు.

మెకానిక్ తగిలించి చూసి, "ఇందులో ఒక ఫైల్ లేదండీ," అన్నాడు.

"లేకపోతే ఏం?"

"బ్రిడ్జి అవతల రోడ్డంతా అందులోనే ఉంటుంది. ఎలా పోయింది?"

"ఎలుకలేమో," అంది మనవరాలు.

తాతయ్య ఆమెకేసి ఒక చూపు చూసి, గొంతు సవరించుకుని, "కొద్దిగా కత్తిరించాం," అన్నాడు.

"కత్తిరించడానికి ఇదేమన్నా జుట్టా తాతగారూ?"

తాతయ్య హార్డ్ డిస్క్ మళ్లీ చంకన పెట్టుకుని ఇంటికి వచ్చాడు. నాయనమ్మ ఆయన మొహం చూసింది.

"రీలు ఎత్తేశారు కదూ."

తాతయ్య ఫ్యానుకేసి చూశాడు. ఫ్యాను గోడకేసి చూస్తోంది.

"పైన మీరు ఎత్తేస్తే, జనం కిందకొచ్చి ఎవర్ని తిట్టేవాళ్లు? నన్ను. హీరో కొండమీంచి ఎలా పడ్డాడమ్మా అని కంతకి మొహం ఆనించి అడిగేవాళ్లు. కౌంటర్ మూశాక నేనూ లోపలికెళ్లి చూసేదాన్నే కదా, నాకు మాత్రం ఏం తెలుసు? అడిగితే మీరు పీచనేవాళ్లు. ఇప్పటికీ ఆ కొండమీద ఏం జరిగిందో నాకు తెలీదు. ఇప్పుడీ కొండా అంతే. పోనివ్వండి. ఈ చేత్తో నేనింకేం టికెట్లు చింపాలి కనక."

ఆ ఆఖరి మాట ఆమె మామూలుగానే అంది. తాతయ్యకి మాత్రం ఎక్కడో తగిలింది.

లేచి కంప్యూటర్ ముందు కూర్చున్నాడు. హార్డ్ డిస్క్ తగిలించి, ఆఖరి ఆట వీడియో తెరిచాడు. బొటనవేలు, గోడమీద నీడ, రీలు చప్పుడు. కాసేపు చూశాడు. మనవరాలు తలుపు దగ్గర నిలబడి, "నా గేమ్‌లు తీసెయ్ తాతయ్యా, నేనెలాగూ చదువుకోవాలి," అంది.

"నువ్వు చదవడం నేను చూడాలి," అని, వీడియో తీసేశాడు. నిజంగా తీసెయ్యాలా అని కంప్యూటర్ అడిగింది. "ఎన్నిసార్లు చెప్పాలి నీకు," అని దాన్నే విసుక్కున్నాడు.

ఈసారి ఫోల్డర్ మొత్తం, పీచుతో సహా ఎక్కించాడు. హార్డ్ డిస్క్ పెట్టె వెనక గుచ్చి, రిమోట్ తెచ్చి నాయనమ్మ ఒళ్లో పెట్టి, పక్కనే, క్లీనర్ కూర్చునే పక్కన కూర్చున్నాడు.

ఆమె వెంటనే ముట్టుకోలేదు. బతిమాలించుకోవాల్సినంతసేపు మౌనంగానే బతిమాలించుకుని, అప్పుడు వేలు మీట మీద పెట్టింది. ఊరు, అడవి, మలుపులు. బ్రిడ్జి దగ్గరికొచ్చేసరికి తాతయ్య కళ్లు మూసుకున్నాడు. లారీ బ్రిడ్జి ఎక్కింది, దాటింది. అవతల పెద్ద విశేషమేమీ లేదు. ఇంకాస్త రోడ్డు, ఒక టోల్ గేటు, గేటు పక్క గూడులాంటి గదిలో ఒకమ్మాయి. లారీ ఆపితే కంతలోంచి చెయ్యి చాపి చీటీ ఇచ్చింది.

"ఇదా మీరు పీచన్నది?" అంది నాయనమ్మ. "చూడండి, ఆ పిల్ల చెయ్యి ఎంత చక్కగా చాపిందో."

తాతయ్య ఆ పిల్ల చెయ్యి చూడలేదు. మీట చుట్టూ కొక్కెంలా వంగిన చూపుడువేలుని చూస్తున్నాడు. నెల తిరక్కుండానే ఆ వేలు సూదిలో దారం ఎక్కించింది, మనవరాలికి మొట్టికాయ కూడా వేసింది. వైద్యం తనదేనని తాతయ్య డాక్టరుతోనే చెప్పాడు.

ఇదంతా రాసి మనవరాలు ఆయనకి చదివి వినిపించింది. కళ్లు మూసుకుని చివరిదాకా విన్నాడు. ఎలా ఉంది తాతయ్యా అని అడిగింది.

"పొడుగెక్కువైంది. మధ్య ముక్క ఎత్తెయ్."