పేరున్న భయం

పాముకి భయపడితే లోకం అయ్యో అంటుంది. చీకటికి భయపడితే దీపం పెడుతుంది. చెట్టుకి భయపడితే మాత్రం ముందు నవ్వుతుంది, తర్వాత అడుగుతుంది: "చిన్నప్పుడు చెట్టు మీంచి గానీ పడ్డావా?"

అలా చెట్లకి భయపడే దర్జీ ఆవిడ ఒకరుండేది. ఆమె ఎన్నడూ చెట్టు మీంచి పడలేదు. ఏ కొమ్మా ఆమె నెత్తిన విరగలేదు, ఏ పిడుగూ ఆమె కళ్లెదుట ఏ మానునీ చీల్చలేదు. ఒక్క కారణం దొరికినా బావుండునని, రాలిపోయిన సూది కోసం నేల తడిమినట్టు, తన చిన్నతనమంతా తడిమి చూసుకుంది. దొరకలేదు. భయం మాత్రం ఉంది.

పోనీ చెక్కంటే భయమా అంటే అదీ కాదు. చెక్క మంచం మీద హాయిగా నిద్రపోయేది. కుండీలో మొక్కలకి తనే నీళ్లు పోసేది. కేలండర్లో అడవి బొమ్మ వస్తే ఆ నెలంతా ముచ్చటగా చూసేది. కానీ ప్రాణంతో నిలబడి ఉన్న చెట్టు, మనిషి కన్నా ఎత్తుగా, గాలికి ఒళ్లంతా కదిలే చెట్టు ఎదురైతే చాలు, అరచేతులకి చెమట పట్టేది, గుండె దడదడలాడేది. అర్థం లేని భయమని ఆమెకీ తెలుసు. తెలిసినంత మాత్రాన గుండె మాట వింటుందా?

ఇంటి నుంచి ఆమె పనిచేసే బట్టల రిపేరు షాపుకి తిన్నని రోడ్డుంది. దానికి రెండు వైపులా చెట్లు, పైన కొమ్మలు ఒకదాన్నొకటి పట్టుకుని ఉంటాయి. ఆమె ఆ రోడ్డెక్కేది కాదు. బజారు చుట్టూ తిరిగి, గిడ్డంగుల వెనక సందులోంచి చెమటలు కక్కుతూ వచ్చేది. షాపులో వాళ్లు ఆమెకి 'చుట్టుదారి' అని పేరు పెట్టారు. దారంతో బతికే మనిషికి దారి కూడా చుట్టేనని కాజాలు కుట్టే అమ్మాయి ఆటపట్టించేది. దుకాణాల బోర్డులు రాసే పెయింటరు ఆమె భర్త. ఆయన మాత్రం, "మా ఆవిడకి రోజుకోసారి బజారు చూడకపోతే తోచదు" అని అందరికీ చెప్పుకునేవాడు. ఆమె నవ్వి ఊరుకునేది. పిచ్చిదని అనిపించుకోవడం కన్నా బజారు పిచ్చిదని అనిపించుకోవడమే నయం కదా.

అలా ఎన్నాళ్లయినా గడిచిపోయేదే. కానీ షాపు పక్కనే ఉన్న మరో భవనంలో మొదటి అంతస్తుకి మారింది. మెషీన్లు ఎక్కడివక్కడ పెట్టిస్తూ కటింగ్ మాస్టరు ఆమెని పిలిచి కిటికీ పక్క చోటు చూపించాడు.

"ఇది నీకేనమ్మా. నల్ల కోటు మీద నల్ల దారంతో కుట్టు కనపడకుండా కుట్టేది నువ్వొక్కదానివే. వెలుతురు నీకే కావాలి."

ఆ గదిలో అంతకు మించిన గౌరవం లేదు. మిగతా వాళ్లు చప్పట్లు కొట్టారు. ఆమె కిటికీ వైపు చూసింది. అద్దానికి ఆనుకుని, కిటికీ నిండా, ఒక పెద్ద చెట్టు.

ఆ రోజంతా కొమ్మ అద్దాన్ని గీరుతూనే ఉంది. గీరినప్పుడల్లా ఆమె కాలు పెడల్ మీద బిగుసుకుపోయింది. సాయంత్రానికి చూసుకుంటే ఎవరిదో చొక్కా చెయ్యిని జేబుకి కలిపి కుట్టేసి ఉంది. ఇంటికెళ్లి, రేపటి నుంచి పనిలోకి పోనని చెప్పేసింది.

భర్త నోరెళ్లబెట్టాడు. అత్తగారు మాత్రం కోడలి ముఖంలోకి చూసింది. ఆవిడ ఒకప్పుడు ఆసుపత్రిలో పిల్లల వార్డులో ఆయా. ఎవరికి నొప్పి నిజంగా ఉందో, ఎవరు నటిస్తున్నారో ముఖం చూసి చెప్పగల మనిషి. తెల్లారాక చెప్పులు వేసుకుంటూ, "మానేద్దువుగానిలే. ముందు ఆ కొత్త షాపేదో నాకోసారి చూపించు" అంది.

ఇద్దరూ బయల్దేరారు. తిన్నని రోడ్డు మొదట్లో కోడలు అలవాటుగా పక్కకి తిరిగింది. అత్తగారు ఏమీ అడక్కుండా వెంట నడిచింది. షాపులోకి వెళ్లి కిటికీ చూసింది, కిటికీ ముందు కోడలి ముఖం చూసింది. ఆమె చెయ్యి పట్టుకుని మళ్లీ మెట్ల మీదికి తీసుకొచ్చింది.

"ఏమిటే, చెట్టా?"

అంత సూటిగా ఎవరూ అడగలేదు. "అవునత్తయ్యా" అని ఆమె గోడకి ఆనుకుంది. "చిన్నప్పట్నుంచీ. ఎందుకో నాకే తెలీదు. మీ అబ్బాయికి కూడా చెప్పలేదు. నవ్వుతారని..."

అత్తగారు ఆమె గడ్డం పట్టుకుంది. "మరి చెట్టంత నా కొడుకుని ఎలా కట్టుకున్నావే?"

ఏడవబోతున్నదల్లా ఆమె ఫక్కున నవ్వేసింది. ఇద్దరూ ఆ మెట్ల మీదే కూలబడి కళ్లనీళ్లొచ్చేలా నవ్వారు. పైనుంచి కాజాల అమ్మాయి తొంగి చూసి, వీళ్లకేమయిందో తెలియక వెనక్కి పోయింది.

ఆ వారమే అత్తగారు ఆమెని తనకి తెలిసిన డాక్టరమ్మ దగ్గరికి తీసుకెళ్లింది. మనసుకి వైద్యం చేసే డాక్టరు. "నువ్వేం బెదరకు. చదువుకునే రోజుల్లో మొదటిసారి సూది వెయ్యాల్సొచ్చి నా భుజం మీద పడి ఏడ్చిన పిల్లే" అని దారి పొడుగునా ధైర్యం చెప్పింది.

డాక్టరమ్మ తొందరపెట్టకుండా అంతా విన్నది. చెట్టు మీంచి పడ్డారా అని అడగలేదు. చివర్లో, "దీన్ని డెండ్రోఫోబియా అంటారమ్మా. మన మాటల్లో చెప్పాలంటే వృక్షభీతి" అంది.

"దీనికి పేరుందా?"

"ఉంది."

"అంటే... ఇంకెవరికో కూడా ఉందన్నమాట."

"ఒక్కరికే ఉంటే పేరు పెట్టే పనేముందమ్మా?"

ఆమెకి దుఃఖం పొంగుకొచ్చింది. బాధతో కాదు. ఊరు కాని ఊళ్లో దారి తప్పి తిరుగుతుంటే తన భాష మాట్లాడేవాళ్లు కనబడ్డట్టయింది. ముక్కూ మొహం తెలియని ఎవరో, ఎక్కడో, తనలాగే చెమటలు కక్కుతూ చుట్టుదారిన నడుస్తూ ఉంటారు. వాళ్లని తలుచుకుంటే ఎంత ప్రేమ పుట్టుకొచ్చిందో చెప్పలేం.

"భయానికి కారణం దొరక్కపోయినా ఫరవాలేదు" అని డాక్టరమ్మ చెప్పింది. "దగ్గరికి కొంచెం కొంచెంగా వెళ్లండి. నమ్మకమున్న మనిషిని పక్కన పెట్టుకోండి. భయమెయ్యగానే పరుగెత్తకండి. కాసేపుంటే అదే దిగుతుంది. ఏదైనా తేడాగా అనిపిస్తే నా దగ్గరికి రండి."

అత్తగారికి వైద్యమంతా బుర్రకెక్కింది గానీ, ఆ పేరే నోరు తిరగలేదు. డెండ్రో కాస్తా దండోరా అయింది. ఆ మాటకి తగ్గట్టు వీధంతా దండోరా వేసింది కూడా. "మా కోడలిది అందరికీ ఉండే భయం కాదమ్మా. దండోరాఫోబియా! డాక్టర్లే చెప్పారు" అంటుంటే విన్నవాళ్లు నవ్వడం మరిచిపోయి, పాపం అన్నారు, కొందరైతే కాస్త గౌరవంగా కూడా చూశారు. భర్త మాత్రం ఆ రోజు రంగు డబ్బా పక్కన పెట్టి, "ఇన్నేళ్లూ నీ పక్కనే ఉండి బజారనుకున్నానే" అని నొచ్చుకున్నాడు.

షాపుకొచ్చి మాస్టరుకి చెప్పింది కూడా అత్తగారే. ఆయన టేపు మెళ్లోంచి తీసి చేతికి చుట్టుకుంటూ నిలబడిపోయాడు. "చెప్పకపోయావా తల్లీ! నేనేదో మంచి చేశాననుకున్నాను" అన్నాడు. మధ్యాహ్నానికల్లా మిగులు గుడ్డ ముక్కలన్నీ కలిపి, ఒకరు అతుకులు వేసి, ఒకరు అంచు మడిచి, కిటికీకి తెర కుట్టేశారు. కాజాల అమ్మాయి దానికి రింగులు కుట్టింది. 'చుట్టుదారి' అని పిలవడం ఆ పూటే మానేసింది.

తెర పూర్తిగా మూసి మొదలుపెట్టారు. ఓపికున్న రోజున ఆమె దాన్ని బెత్తెడు జరిపేది. అత్తగారు పక్కన స్టూలు మీద కూర్చుని, పాత కుట్లు విప్పుతూ, వార్డు కబుర్లు చెబుతూ ఉండేది. గుండె దడదడలాడి ఎప్పటికో నెమ్మదించేది. మర్నాడు మరో బెత్తెడు. పెద్ద గాలి వీచిన రోజున మాత్రం ఆమె చటుక్కున తెర మూసేసి, రెండు చేతులతో పట్టుకుని కూర్చుంది. ఇన్నాళ్ల కష్టం నీళ్లపాలయిందని కుమిలిపోయింది.

"ఇవాళ పూనకం చెట్టుకే, నీక్కాదు. రేపు చూద్దాం" అంది అత్తగారు, తలెత్తకుండా.

ఏడాది గడిచేసరికి తెర సగం తెరిచి ఉండేది. ఆకుల అంచులు కత్తెర పెట్టి కత్తిరించినట్టు పళ్లు పళ్లుగా ఉన్నాయని ఆమె ఒక రోజు గమనించింది. అంత తీరిగ్గా ఒక చెట్టుని చూడటం పుట్టి బుద్ధెరిగాక అదే మొదలు. ఆ తర్వాత ఒక సెలవు రోజు ఒక పక్క భర్త, ఒక పక్క అత్తగారు ఉండగా తిన్నని రోడ్డు మీద సగం దాకా నడిచి, వెనక్కి వచ్చేసింది. ఇంకో సెలవు రోజు చివరి దాకా వెళ్లింది. భయం పోయిందా అంటే పోలేదు. ఇప్పటికీ గాలివాన రోజున బజారు దారే నయమంటుంది. కాకపోతే ఎందుకెళ్తున్నదీ ఇంట్లో చెప్పి మరీ వెళ్తుంది.

మొన్నామధ్య ఒక పెద్దమనిషి కొత్త చొక్కాలు తెచ్చి, గుండీలన్నీ తీసేసి జిప్పులు పెట్టమన్నాడు. కాలరు గుండీ కూడా ఉండకూడదన్నాడు. మాస్టరు అయోమయంగా చూశాడు. ఎవరో కిసుక్కుమన్నారు. ఆయన ముఖం ఎర్రబడింది. చొక్కాలని కాయితం సంచీలోంచి తియ్యకుండా, వేళ్ల కొసలతో దూరంగా పట్టుకుని ఉన్నాడు.

ఆమెకి క్షణంలో అర్థమైంది. లేచి ఎదురెళ్లి సంచీ అందుకుంది.

"పెడతామండీ. ఒక్క గుండీ కూడా మిగలదు. తీసినవి మీ కంట పడకుండా చూస్తాను."

ఆయన ఆమెని తేరిపార చూశాడు. "కారణం అడగరా?"

"కారణం ఉండాలనేం లేదండీ" అంది ఆమె. "దానికీ ఒక పేరుండే ఉంటుంది. కావాలంటే మాకు తెలిసిన డాక్టరమ్మని అడిగి చెబుతాను."

ఆయన కుర్చీ లాక్కుని కూర్చుని, "నాకు జుట్టు నెరిసిందమ్మా. నవ్వని మనిషిని ఇవాళే చూస్తున్నాను" అన్నాడు.

"నాకూ అలాంటి మనిషి దొరికిందండీ. అదే నా అదృష్టం" అని ఆమె స్టూలు వైపు తిరిగింది.

అత్తగారు ఈ మాటలేవీ విననట్టే ఉంది. చేతిలో కుట్టు వదిలేసి, బల్ల మీద తెరిచి ఉన్న గుండీల డబ్బా మీద ఒక గుడ్డ ముక్క కప్పుతోంది.